తుమ్మలవాగు వంతెన బిల్లు

మా ఇంటి వెనక సందులో పాత బడి ప్రహరీగోడను బాగుచేస్తున్నారు. అది సున్నంతో కట్టిన గోడ కనుక సున్నంతోనే అతకాలని ఎవరో పట్టుబట్టారట. పొద్దున్నే ఇద్దరు కూలీలు తొట్టిలో కాల్చిన సున్నపురాళ్లు పోసి నీళ్లు వదులుతారు. రాళ్లు బుసబుసమని పొంగి పగులుతాయి. ఆవిరితో పాటు ఘాటైన వాసన కిటికీలోంచి వచ్చి గొంతులో దూరుతుంది. మా కోడలు కిటికీ మూసేస్తుంది. ఆమె వంటింట్లోకి పోగానే నేను మళ్లీ తెరుస్తాను. ముప్పై ఏళ్లు ఇంజనీరింగు శాఖలో పనిచేసినవాణ్ని, ఎన్నో కట్టడాలు చూశాను. అయినా ఈ వాసనకు నాకు ఒక్క మనిషే గుర్తుకొస్తాడు. ఆయన పేరు లచ్చయ్య మేస్త్రి. ఆయన అరచేతి గీతల్లో సున్నం ఎప్పుడూ తెల్లగా మిగిలి ఉండేది. మొదట మా శాఖకు గుత్తేదారు, తర్వాత మా శాఖ మీదనే దావా వేసిన మనిషి. నేను అటువైపు జీతం తీసుకుంటున్న చిన్న ఉద్యోగిని. ఆయన నాకు నేర్పింది ఏమిటో చెప్పాలంటే తుమ్మలవాగు దగ్గర మొదలుపెట్టాలి.

హైదరాబాదు రాష్ట్రం ఇంకా ఉన్న చివరి రోజులు అవి. నాకు ఇరవై నాలుగేళ్లు. హుజూర్‌నగర్ పక్క పల్లెలో సేద్యం చేసుకునే ఇంట్లోంచి వచ్చి ఓవర్‌సీరు ఉద్యోగంలో చేరాను. ఓవర్‌సీరు అంటే పని జరిగేచోట నిలబడి, జరిగిన పనిని టేపుతో కొలిచి, ఆ లెక్కను కొలతల పుస్తకంలో రాసి సంతకం పెట్టేవాడు. ఆ పుస్తకాన్ని బట్టే బిల్లు తయారవుతుంది. అందులో లేని పని, ఎంత గట్టిగా కట్టినా, సర్కారు దృష్టిలో లేనట్టే. హాలియా పోయే బాట మీద తుమ్మలవాగుకు నాలుగు కమాన్ల వంతెన మంజూరయింది. వంతెనకు రెండువైపులా ఎత్తు చేసిన దారిని లచ్చయ్య అంతకు ముందు ఏడాదే వేరే ఒప్పందం కింద పూర్తిచేశాడు. ఆ దారి తాలూకు చివరి బిల్లును వంతెన బిల్లుతో కలిపి ఇస్తామని దఫ్తరులో చెప్పారు. ఆయన సరేనన్నాడు. ఆ సరే అన్నమాట ఆయనకు ఎంత నష్టం తెచ్చిందో అప్పుడు ఎవరికీ తెలియదు.

లచ్చయ్య చౌటుప్పల్ దిక్కు నేతవాళ్ల ఇంటి మనిషి. యుద్ధం రోజుల్లో నూలు దొరక్క మగ్గం వదిలి, రాయీ సున్నమూ నేర్చుకున్నాడట. నేను చూసేనాటికి యాభై ఏళ్లుంటాయి. సన్నని మనిషి, నెత్తికి తువ్వాల, నోట్లో ఎప్పుడూ బీడీ ఉండేది కాదు, మాట కూడా ఎక్కువ ఉండేది కాదు. ఉర్దూ చదవగలడు, సంతకమూ ఉర్దూలోనే. ఇంగ్లీషు రాదు. పాలమూరు నుంచి వచ్చిన కూలీలు ఆయన దగ్గర నలభై మంది దాకా ఉండేవారు. వాళ్లలో ఎవరికి జ్వరం వచ్చినా బండి కట్టించి దవాఖానకు తోలేవాడు.

నక్షాలో పునాది ఆరడుగుల లోతు అని ఉంది. ఆరడుగులు తవ్వాక చూస్తే ఇంకా మెత్తని మొరమే. లచ్చయ్య గడ్డపార దింపి చూపించాడు, అది మూరెడు దిగింది. అప్పటి ఇంజనీరు గారు జీపులో వచ్చి గుంత అంచున నిలబడి చూశారు.

"బండ తగిలేదాక తవ్వు లచ్చయ్యా. ఇక్కడ ఆపితె మొదటి వరదకే పోతది," అన్నారు.

"తవ్వుత సారు. పని పెరుగుతది గద, దానికి హుకుం కాగితం ఎప్పుడిస్తరు?"

"కాగితం వస్తది. వానలు దగ్గరపడ్డయి. నువ్వు పని ఆపకు."

మరో అయిదడుగులు తవ్వితే కాని బండ తగల్లేదు. ఆ రోజు లచ్చయ్య నన్ను గుంతలోకి దిగమన్నాడు. పైనుంచి టేపు వదిలితే చాలని నేను అనుకున్నాను. ఆయన ఒప్పుకోలేదు. "రేపు దీంట్ల రాయి నింపుతం సారు. నింపినంక ఎవలకు కనపడది. చూసిన కండ్లు మీవే ఉంటయి. దిగి చూడుండి," అన్నాడు. బురదలో మోకాళ్ల దాకా దిగి, నాలుగు మూలలా కొలిచి, అక్కడే బండ మీద కూర్చుని పుస్తకంలో రాశాను. రాసింది తెలుగులో ఆయనకు చదివి వినిపించాను. ఆయన తలూపి కింద సంతకం పెట్టాడు. నాకు అదంతా అతిగా అనిపించింది. మనసులో కొంచెం విసుక్కున్నాను కూడా.

వానలకు ముందే వంతెన పూర్తయింది. కూలీలు పాలమూరు తిరిగిపోయే రోజున లచ్చయ్య చెట్టు కింద చాప వేసుకుని ఒక్కొక్కరికీ పైసలు ముట్టజెప్పాడు. మా దఫ్తరు నుంచి ఆయనకు అప్పటికి సగమే అందింది. మిగతాది ఎక్కడ తెచ్చాడని నేను అడగలేదు. ఆ ఏడు నవంబరులో రాష్ట్రమే మారిపోయింది. హైదరాబాదు రాష్ట్రం పోయి ఆంధ్రప్రదేశ్ వచ్చింది. మా ఇంజనీరు గారు బదిలీ మీద ఎక్కడికో వెళ్లిపోయారు. కొత్త ఇంజనీరు వచ్చారు. ఆయన చెడ్డమనిషి అని చెప్పలేను. తన సంతకం మీద ఎక్కడ ప్రశ్న వస్తుందోనని ఎప్పుడూ భయపడే మనిషి. లచ్చయ్య ఫైలు తిరగేసి, "పునాది అదనపు లోతుకు రాతపూర్వకమైన ఉత్తర్వు లేదు. పని ఇచ్చిన ప్రభుత్వం ఇప్పుడు లేదు. ఇది నా హయాములోది కాదు," అని పక్కన పెట్టారు. అదనపు లోతు సంగతి తేలకపోతే మొత్తం బిల్లు తేలదని ఫైలుకు దారం చుట్టేశారు.

లచ్చయ్య ప్రతి సోమవారం వచ్చేవాడు. వరండాలో గోడకు ఆనించిన బల్ల మీద కూర్చునేవాడు. కోపం చేసేవాడు కాదు, బతిమాలేవాడూ కాదు. పిలిస్తే లోపలికి వెళ్లి, "నా బిల్లు సంగతేమాయె సారు?" అని అడిగి, జవాబు విని వెళ్లిపోయేవాడు. ఎవరికైనా ఏమైనా ఇస్తే పని కదులుతుందని ఒకరిద్దరు చెవిలో వేశారు. "పని సరిగ చెయ్యకపోతే ఇస్తుంటి. సరిగ చేసిన గద, ఎందుకియ్యాలె?" అన్నాడట. నేను లోపల నా బల్ల దగ్గర తల వంచుకుని రాసుకుంటున్నట్టు నటించేవాణ్ని. ఆయన కూడా నన్ను పలకరించి ఇబ్బంది పెట్టేవాడు కాదు. అదే నాకు మరీ కష్టంగా ఉండేది.

రెండో ఏడు లచ్చయ్య ఒక అర్జీ ఇచ్చాడు. దానికి జవాబు ముసాయిదా రాయమని ఇంజనీరు గారు నాకు చెప్పారు. పనులు ఫలానా అని, కొలతలు పుస్తకంలో ఉన్నాయని, దారి పనికి, వంతెన పనికి సొమ్ము బాకీ ఉన్నదని, అదనపు పని విషయం పరిశీలనలో ఉన్నదని రాసి పెట్టాను. ఆయన ఎర్ర పెన్సిలు తీసుకుని "బాకీ ఉన్నది" అన్న ముక్కను కొట్టేశారు.

"ఈ మాట ఎందుకు రాశావు?"

"ఉన్నది కద సార్."

"ఉందో లేదో తేల్చాల్సింది నువ్వు కాదు. 'విషయం పరిశీలనలో ఉంది' అని రాయి. అంతే."

కొట్టేసిన చోటు వదిలేసి శుభ్రంగా తిరగరాసి ఇచ్చాను. టైపు చేయించి ఆయన సంతకంతో పంపారు. వారం తర్వాత లచ్చయ్య ఆ ఇంగ్లీషు ఉత్తరం పట్టుకుని నా దగ్గరికే వచ్చాడు, చదివి చెప్పమని. "పరిశీలనలో ఉన్నదని రాసిండ్రు మేస్త్రీ," అన్నాను. "అట్లనా, మంచిది," అని మడిచి జేబులో పెట్టుకున్నాడు.

చివరికి నల్లగొండలో ఒక వకీలును పట్టుకున్నాడు. ఆ వకీలు సాబు పాతకాలపు మనిషి, ఉర్దూలో న్యాయశాస్త్రం చదివి, యాభై దాటాక ఇంగ్లీషులో దావాలు రాయడం మొదలుపెట్టినవాడు. ఒకనాడు లచ్చయ్య మా ఇంటికి వచ్చాడు. చేతిలో నోటీసు కాగితం.

"సారు, గిది సర్కారుకు పంపే నోటీసు. దీంట్ల కొలతలు రాసిండ్రు. తప్పు పడితే మీ పేరు ఖరాబైతది. జర చూడుండి."

నేను వెనకాముందాడాను. సర్కారు మీద వేసే కాగితాన్ని సర్కారు ఉద్యోగి సరిచూడటం ఏమిటని భయం. కాని ఆయన అడిగింది నా పేరు కోసం. చూశాను. కొలతలన్నీ సరిగ్గా ఉన్నాయి. గుంతలో నేను చదివి వినిపించినవి ఆయనకు అంగుళాలతో సహా జ్ఞాపకం ఉన్నాయి.

వకీలు ఏం చెప్పాడని అడిగాను. "మస్తు చెప్పిండు సారు," అంటూ వేళ్లు మడిచాడు. "ఒప్పంద కాగితంల తకరారు వస్తె పై ఇంజనీరు తీర్పు చెప్పాలెనని ఉన్నదంట. అందుకని ముందుగాల ఆయనకు పంపినం. ఏడాదాయె, ఉలుకు లేదు పలుకు లేదు. ఇగ కోర్టుకు పోవాలె. సర్కారు మీద దావా వెయ్యాలంటె రెండు నెలలు ముందు నోటీసు ఇయ్యాలెనంట. నేను నిన్ను అడుగుత అని చెప్పి, రెండు నెలలు ఆగి, అప్పుడు అడగాలె. ఇన్నేండ్లు అడిగింది అడిగినట్టు కాదంట." ఆయన నవ్వలేదు. నేను నవ్వబోయి ఊరుకున్నాను.

"సర్కారు మారింది గద, ఎవల మీద వేస్తరట?"

"అదీ అడిగిన. బ్రిడ్జి ఎవల చేతికి పోయిందో అప్పు గూడ వాళ్ల చేతికే పోతదని చట్టం చేసిండ్రంట. బ్రిడ్జి కొత్త సర్కారుదైనప్పుడు బిల్లు పాత సర్కారుదెట్లయితది అన్నడు."

దావా వేయాలంటే కోర్టు ఫీజు కట్టాలి. అడిగే సొమ్మును బట్టి ఆ ఫీజు. రావలసిన తన పైసల కోసం ఆయన మళ్లీ పైసలు కట్టాలి. ఇంట్లో రెండు మగ్గాలుండేవి, వాటి మీద ఆయన భార్య సత్తెమ్మ, ఆమె తమ్ముడు నేసేవారు. ఒక మగ్గం అమ్మేశారు.

దావా నడిచి నడిచి సాక్ష్యాల దాకా రావడానికి మూడేళ్లకు పైగా పట్టింది. వాయిదా రోజున వాది వస్తే సర్కారు వకీలు ఉండడు, ఆయన ఉంటే ఫైలు రాదు, ఫైలు వస్తే జడ్జి గారు సెలవు. ప్రతి వాయిదాకూ లచ్చయ్య చౌటుప్పల్ నుంచి బస్సెక్కి వచ్చి, కోర్టు ఆవరణలో నిలబడి, తేదీ రాయించుకుని వెళ్లేవాడు. ఆయన నడక మందగించింది. సున్నపుదుమ్ము పీల్చిన ఛాతీ, దగ్గు మొదలైంది. మా శాఖ ఇచ్చిన జవాబులో అదనపు పనికి ఉత్తర్వు లేదని, కొలతల పుస్తకం రాష్ట్రాల విలీనం నాటి ఫైళ్ల తరలింపులో కనిపించకుండా పోయిందని రాశారు. పుస్తకం ఎక్కడికీ పోలేదు. లెక్కల గుమస్తా బీరువాలో, మూడో అరలో ఉంది. నేను చాలాసార్లు చూశాను.

ఒకరోజు నా పేరు మీద కోర్టు సమను వచ్చింది, ఆ పుస్తకం తీసుకుని సాక్ష్యం చెప్పడానికి రావాలని. ఇంజనీరు గారు తలుపు మూయించి చెప్పారు. "పుస్తకం లేదని మనం రాసిచ్చాం. నువ్వు ఉందంటే నేను అబద్ధమాడినట్టు. నీ ఉద్యోగం ఇంకా పర్మనెంటు కాలేదు, గుర్తుంచుకో." అంతకు ముందు ఏడే నాకు పెళ్లయింది. మా నాయిన పొలం కుదువలో ఉంది, నా జీతంతోనే వడ్డీ కడుతున్నాం. చివరికి, నన్ను సాక్షిగా వద్దని వకీలుకు చెప్పమని అడుగుదామని లచ్చయ్య ఇంటికి పోయాను.

సత్తెమ్మ మగ్గం దిగి వచ్చి పీట వేసింది. జొన్నరొట్టె, తొక్కు పెట్టింది. తిన్నాక తనే అంది. "ఎన్నేండ్లాయె సారు. ఆ బ్రిడ్జి మీది నుంచి బండ్లు పోతున్నయి, బస్సులు పోతున్నయి. మా పక్కింటి బిడ్డ పెండ్లి బండి గూడ దానిమీది నుంచే పొయ్యింది. మేమే ఇంక ఈ ఒడ్డున ఉన్నం. ఇడిసిపెట్టమని ఎన్నిసార్లు చెప్పినా ఈయన వింటలేడు."

నేను వచ్చిన పని చెప్పాను. లచ్చయ్య నెత్తి మీది తువ్వాల విప్పి మోకాళ్ల మీద పెట్టుకున్నాడు.

"మీకు కష్టమైతదని నాకు ఎరుకనే సారు. రాకున్నా నేనేమనుకోను. వకీలుకు చెప్త. కాని ఒక్కటి. రావుడు అంటూ ఐతె, పుస్తకం లేదని మాత్రం చెప్పకుండి. ఆనాడు గుంతల దిగి కొలిసిండ్రు. నాకు చదివి చెప్పిండ్రు. మీ నోటితోని అది లేదంటె నేను ఇనలేను."

ఆయన నన్ను తప్పించడానికి సిద్ధపడ్డాడు. నిజం చెప్పమని కూడా అడగలేదు, అబద్ధం మాత్రం చెప్పవద్దన్నాడు. తిరిగి బస్సులో వస్తుంటే, ఆ రెండింటి మధ్య నిలబడటానికి నాకు చోటేమీ లేదని అర్థమైంది. వాయిదా ముందురోజు లెక్కల గుమస్తా దగ్గరికి వెళ్లి సమను చూపించాను. ఆయన రిటైరు కాబోతున్న పెద్దమనిషి. సమను రెండుసార్లు చదివి, బీరువా తాళంచెవి బల్ల మీద పెట్టి, "చాయ తాగొస్త," అని బయటికి వెళ్లాడు. నేను పుస్తకం తీసి, రిజిస్టరులో నా పేరు, తేదీ, కోర్టు సమను నంబరు రాసి సంతకం పెట్టాను. దొంగతనంగా తీసుకున్నానని ఎవరూ అనకూడదు.

కోర్టులో సర్కారు వకీలు నన్ను గంటసేపు నిలదీశాడు. లోతు పెంచమని రాతలో ఎవరు చెప్పారు? ఎవరూ చెప్పలేదు. మరి నువ్వెందుకు కొలిచావు? పని జరిగింది కనుక కొలిచాను. గుత్తేదారు నీకేమిచ్చాడు? ఏమీ ఇవ్వలేదని చెప్పాను. చెబుతుంటే వాళ్ల ఇంట్లో తిన్న జొన్నరొట్టె గుర్తొచ్చింది. తర్వాత లచ్చయ్య వకీలు సాబు లేచి మూడే మాటలు అడిగాడు.

"వంతెన నిలబడి ఉన్నదా?"

"ఉన్నది."

"వరదలు వచ్చినయా?"

"మూడుసార్లు పెద్ద వరద వచ్చింది."

"ఆరడుగుల మీదనే ఆపి ఉంటే?"

"ఉండేది కాదు."

వకీలు సాబు జడ్జి గారి వైపు తిరిగాడు. ఒకడు ఉచితంగా ఇవ్వాలని కాక, ప్రతిఫలం వస్తుందని చేసిన పనిని ఇంకొకడు తీసుకుని అనుభవిస్తున్నప్పుడు, రాత ఒప్పందం లేదన్న సాకుతో ఊరికే ఉంచుకోవడానికి చట్టం ఒప్పుకోదని, ఉంచుకుంటే దాని విలువ ఇవ్వాలని వాదించాడు. ఇంగ్లీషులో మొదలుపెట్టి, మధ్యలో ఉద్వేగం పట్టలేక ఉర్దూలోకి జారి, మళ్లీ ఇంగ్లీషులోకి వచ్చాడు. పక్షం రోజులకు నాకు అచ్చంపేట బదిలీ ఉత్తర్వు వచ్చింది. ఒక ఇంక్రిమెంటు ఆపారు. నేను అనుకున్నంత ఘోరం జరగలేదు. కాని నా భార్య అప్పుడు నిండు చూలాలు, ఆ ఎండలో రెండు బస్సులు మారుతూ పోయిన ప్రయాణం గురించి ఆమె చాలా ఏళ్లు ఎత్తిపొడిచేది.

తీర్పు రోజున సెలవు పెట్టి నల్లగొండ వచ్చాను. వంతెన బిల్లు, అదనపు లోతు విలువతో సహా ఇవ్వాలని తీర్పు వచ్చింది. వడ్డీ మాత్రం దావా వేసిన రోజు నుంచే, అంతకు ముందు ఆయన వరండాలో కూర్చున్న కాలానికి లేదు. దారి పని బిల్లు మొత్తం కొట్టివేశారు. ఆ పని వంతెన కంటే ఏడాది ముందు ముగిసింది. పని ముగిసిన మూడేళ్ల లోపు దావా పడాలి. పై ఇంజనీరు జవాబు కోసం ఆగిన ఏడాదిలో ఆ గడువు కొన్ని నెలల తేడాతో దాటిపోయింది. కోర్టు మెట్ల మీద వకీలు సాబు అలసటగా చెప్పాడు. "దారి పైసలు గూడ వచ్చేటియి. ఆళ్లు రాసిన ఉత్తరం ఉన్నది చూడు, అండ్ల 'బాకీ ఉన్నది' అని ఒక్క మాట ఉంటె, దస్తఖతు పెట్టిన ఆ తారీఖు నుంచి మూడేండ్ల గడువు మళ్ల కొత్తగ మొదలయ్యేది. పరిశీలనల ఉన్నదంటె ఏమొప్పుకున్నట్టు? ఏం లేదు."

వకీలు వెళ్లిపోయాక లచ్చయ్యకు చెప్పాను. ఆ మాట నేను రాశానని, పెద్దసారు కొట్టేస్తే నోరెత్తకుండా తిరగరాసి ఇచ్చానని, తర్వాత ఆ ఉత్తరం చదివి వినిపించినప్పుడు కూడా చెప్పలేదని. ఆయన నా ముఖం వైపు చూశాడు. కోపం కనబడితే నాకు కొంచెం తేలికయ్యేదేమో.

"నాకు ఎరుక లేకుండె సారు," అన్నాడు. ఒక మెట్టు దిగి, "బస్సు వేళయింది, పోండి," అని తువ్వాల దులిపి భుజాన వేసుకున్నాడు. నన్ను క్షమించానని ఆయన ఆ రోజు అనలేదు. ఆ తర్వాతా అనలేదు.

అచ్చంపేట దిక్కు ఒక చెరువుకు కొత్త తూము కడుతుంటే దాని పనుల మీద తిరిగేవాణ్ని. కూలీల్లో ఎల్లమ్మ అనే ముసలమ్మ నన్ను గుర్తుపట్టింది. తుమ్మలవాగు దగ్గర ఆమె రాళ్లు మోసిందట. "లచ్చయ్య మేస్త్రికి పైసలొచ్చినయా సారు?" అని అడిగింది. ఇంకా రాలేదన్నాను. ఆమె తట్ట దించి నడుం మీద చెయ్యి పెట్టుకుని నిలబడిపోయింది. "మాకైతె ఆనాడే ముట్టజెప్పిండు గద! ఆయనకే రాలేదా?" అంది. తట్ట మళ్లీ ఎత్తుకుంటూ, "గీ గుత్తేదారు పిలగాడు గూడ మంచోడే. బిల్లు కాలేదని మా కూలి ఆపిండు. జర చూడుండి," అంది. "అయితది లే," అని జీపెక్కాను.

లచ్చయ్యకు డిక్రీ వచ్చినా పైసలు రాలేదు. పైకోర్టుకు పోతామన్నారు, పోలేదు. సర్కారు మీద డిక్రీ అమలు కావాలంటే మళ్లీ మూడు నెలలు ఆగాలట, ఆగారు. చివరికి వకీలు సాబు అమలు దరఖాస్తు వేస్తే, కోర్టు తరఫున జప్తులు చేసే అమీను మా పాత దఫ్తరుకు పోయి, జీపునూ రెండు బీరువాలనూ జప్తు చేస్తున్నట్టు కాగితం అంటించాడు. వారం తిరగకుండా చెక్కు తయారైంది. పదేళ్లు కదలని ఫైలు జీపు పోతుందంటే కదిలింది. ఈ సంగతి వకీలు సాబు ఉర్దూలో ఉత్తరం రాస్తే తెలిసింది. నేను సంతోషపడ్డానో, అలసిపోయి ఊరుకున్నానో ఇప్పుడు చెప్పలేను.

ఆ తర్వాత నెల రోజులకు, ఒక మధ్యాహ్నం లచ్చయ్య అచ్చంపేటలో మా దఫ్తరు గుమ్మంలో నిలబడి ఉన్నాడు. బాగా చిక్కిపోయాడు. రెండు మెట్లెక్కి ఆయాసపడుతున్నాడు. లేచి ఎదురుపోయి కుర్చీ వేశాను. మంచినీళ్లు తెప్పించాను. పైసలు ముట్టిన సంగతి చెప్పడానికి అంతదూరం వచ్చాడనుకున్నాను.

"ముట్టినయి సారు. అప్పులకు పోయినయి. ఒక మగ్గం తెచ్చినం, సత్తెమ్మ అడిగితె."

"సంతోషం మేస్త్రీ. ఇగ మళ్ల సర్కారు పని పడతవా?"

"పట్ట. ఛాతి పనిచేస్తలేదు." దగ్గి, నీళ్లు తాగాడు. "నేనొచ్చింది దానికి గాదు. మన ఎల్లమ్మ కొడుకు చౌటుప్పల్ దిక్కు మట్టిపనికొచ్చిండు. చెరువు తూము కట్టిన పిలగాని బిల్లు నాలుగు నెలల సంది ఆగిందంట. వానికి ఇల్లు కుదువ పెట్టే గతి పట్టిందంట. కాగితం మీ దగ్గరనే ఉన్నదని చెప్పిండు. నేను నమ్మలే."

నేను బల్ల వైపు తిరిగాను. కుడిచేతి పక్కన పేర్చిన ఫైళ్లలో అడుగు నుంచి మూడోది అది. దాన్ని ఎవరూ ఆపమనలేదు. పైనుంచి ఒత్తిడి లేదు, లంచం ఆశ లేదు. సున్నం పాళ్ల గురించి ఒక చిన్న సందేహం రాసుకుని, మళ్లీ ఒకసారి పోయి చూడాలనుకుని, ఎండకు బద్ధకించి, పక్కన పెట్టి మరిచిపోయాను. ఎల్లమ్మ చెప్పినా మరిచిపోయాను. కోర్టు బోనెక్కి నిజం చెప్పినవాణ్నని నాకు నేనే గౌరవం ఇచ్చుకుంటున్న రోజులు అవి.

ఫైలు తీసి ఆయన ముందు పెట్టాను. లచ్చయ్య దాన్ని ముట్టుకోలేదు. తాడు చుట్టిన ఆ కట్టను చూసి, నన్ను చూసి, మెల్లగా అన్నాడు.

"మీరు ఆపుతరనుకోలేదు సారు."

అప్పటికప్పుడు జీపు తీయించి తూము దగ్గరికి పోయి, కొలిచి, రాసి, సాయంత్రం కాకముందే బిల్లు పైకి పంపాను. తిరిగి వచ్చేసరికి లచ్చయ్య లేడు. నాలుగు గంటల బస్సుకు వెళ్లిపోయాడని బంట్రోతు చెప్పాడు. మరుసటి ఏడు ఎండాకాలంలో ఆయన పోయిన కబురు వచ్చింది. కర్మకు పోతే సత్తెమ్మ జొన్నరొట్టె పెట్టింది, నేను తినలేక తిన్నాను.

ఆ తర్వాత నేను పెద్ద పదవులే చేశాను. నా బల్ల మీద ఫైలు నిలవదని పేరు తెచ్చుకున్నాను. ఆ పేరు వెనక ఎంత భయం ఉందో ఎవరికీ తెలియదు. రిటైరైన రోజు సన్మానంలో ఒకాయన, కొలతల పుస్తకం చంకన పెట్టుకుని కోర్టుకు వెళ్లిన ధీరుడని నన్ను పొగిడాడు. చప్పట్లు కొట్టారు. నాకు మాత్రం ఆ చప్పట్లలో, ఆయాసపడుతూ కుర్చీ అంచున కూర్చున్న ఒక ముసలాయన గొంతే వినబడింది. ఇప్పటికీ ఎవరైనా నన్ను మంచివాడంటే, అంతకంటే ముందు 'మీరు ఆపుతరనుకోలేదు' అన్న ఆ మాటే వినబడుతుంది.